మూడు రాజ్యాలను నడిపే గ్రంథాన్ని నవలలో మొత్తం రాయాలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీ ఫాంటసీ నవలలో ‘శూన్యసంహిత’ అనే మార్మిక గ్రంథం ఉంది. మూడు రాజ్యాలు దాన్నే ప్రమాణంగా పెట్టుకుని నడుస్తాయి. దాన్ని మీరు నలభై పేజీలు రాసి నవల మధ్యలో పెట్టారు. డ్రాఫ్ట్ చదివినవాళ్లు సరిగ్గా అక్కడే ఆగిపోతున్నారు. గ్రంథం మొత్తం రాయాలా, దాని ప్రభావం పాఠకుడికి ఎలా తెలియాలి, చివర్లో అసలు ప్రతి దొరికితే బాగుంటుందా అని అడిగారు.

సూటిగా చెప్తాను. మొత్తం రాయకండి. పది పన్నెండు వాక్యాలు చాలు. మిగిలిన శ్రమంతా ఆ వాక్యాల వల్ల జనం ఏం చేస్తున్నారో రాయడం మీద పెట్టండి. అందులో ఏముందో చదివినంత మాత్రాన ఆ గ్రంథం గొప్పదని పాఠకుడు నమ్మడు. దాన్ని ఎన్నడూ చూడని మనిషి కూడా దాని ప్రకారం బతుకుతుంటే నమ్ముతాడు.

నేను పదిహేనేళ్లుగా ఫాంటసీ రాస్తున్నాను, ఇతరుల రాతప్రతులు ఎడిట్ చేస్తున్నాను. మొదటి నవలలో నేనూ మీరు చేసిందే చేశాను. నావి అరవై పద్యాలు. ఛందస్సు కుదరక మూడు నెలలు టెన్షన్ పడ్డాను. చదివిన స్నేహితుడు ‘పద్యాలు బాగున్నాయి, దాటేసి చదివాను’ అన్నాడు. అంతకంటే నిజాయితీగల విమర్శ నాకు మళ్లీ దొరకలేదు. ఐదోసారి తిరగరాసేసరికి అరవై పద్యాల్లోంచి మిగిలింది ఒకే వాక్యం, అదీ వచనంలో:

‘తలుపు మూసినవాడు దారి తప్పాడు.’

ఆ నవలలో కొండల మీద ఒక పట్నం ఉంది. అక్కడ ఏ ఇంటికీ తలుపు రెక్కలు ఉండవు. వడ్రంగి ద్వారబంధం చెక్కుతాడు, నిలబెడతాడు, కూలి తీసుకుని వెళ్లిపోతాడు. రెక్క ఎందుకు పెట్టవని అడిగితే ‘మా తాత పెట్టలేదు’ అంటాడు. వాడికి చదువు రాదు, గ్రంథం పేరు కూడా సరిగా పలకలేడు. చలికాలంలో జనం గుమ్మానికి గొంగడి వేలాడదీస్తారు. గొంగడి తలుపు కిందికి వస్తుందా రాదా అని అక్కడి పండితులు రెండు తరాలు కొట్టుకున్నారు. చివరికి ‘కింద జానెడు ఖాళీ ఉంటే తలుపు కాదు’ అని తీర్మానించారు. దాంతో పట్నమంతా జానెడు పొట్టి గొంగళ్లు, ఆ సందులోంచి వచ్చే చలిగాలి. దొంగ దొరికితే న్యాయాధికారి ముందు ‘మూసిలేదు కాబట్టి అతిథిగా వెళ్లాను’ అని వాదిస్తాడు. ఆ వాదనను కొట్టేయడానికి వేరే చట్టం రాయాల్సి వచ్చింది.

కొండ దిగితే ఇంకో పట్నం. అక్కడ తలుపులు, గడియలు అన్నీ మామూలుగా ఉంటాయి. కానీ అక్కడి మనుషులు మనసులో మాట దాచుకోరు. పెళ్లి చూపుల్లో, బేరంలో, చావు ఇంట్లో కూడా అనుకున్నది అనేస్తారు. వాళ్ల ప్రతిలో ఆ వాక్యం ‘తలపు మూసినవాడు దారి తప్పాడు’ అని ఉంది మరి. ఎప్పుడో ఒక లేఖకుడు ఒక కొమ్ము వదిలేశాడు, లేదా ఇంకొకడు కొత్తగా పెట్టాడు. ఎవరు తప్పు రాశారో రెండు పట్నాల్లోనూ ఎవరికీ తెలీదు. ఒక్క కొమ్ము తేడాతో రెండు రకాల సమాజాలు, మధ్యలో మూడు యుద్ధాలు. అరవై పద్యాలు చెయ్యలేని పని ఆ కొమ్ము చేసింది.

ఇది మరీ కల్పనలా ఉందనుకుంటే నిజమైన చరిత్రలో ఇంతకంటే చిన్న తేడా ఉంది. ఛాందోగ్యోపనిషత్తు వాక్యాన్ని సంధితో కలిపి పలికితే ‘స ఆత్మాతత్త్వమసి’ అవుతుంది. దాన్ని శంకరులు ‘ఆత్మా, తత్ త్వమ్ అసి’ అని విడదీశారు. అది నువ్వే అని అర్థం. మధ్వాచార్యులు ‘ఆత్మా, అతత్ త్వమ్ అసి’ అని విడదీశారు. అది నువ్వు కాదు అని అర్థం. ఆ దీర్ఘంలో ఒక ‘అ’ దాక్కుని ఉందా లేదా అన్న దాని మీద అద్వైతం, ద్వైతం ఎదురెదురుగా నిలబడ్డాయి. ఇక్కడ లేఖకుడి తప్పు కూడా లేదని గమనించండి. రెండు పక్షాల చేతిలోనూ ఉన్నది అవే అక్షరాలు.

ఈ తేడా మీకు పనికొస్తుంది. మీ లోకంలో గ్రంథం చేతిరాత ప్రతుల్లో బతుకుతోందా, నోటిమాటగా బతుకుతోందా అన్నది ముందే తేల్చుకోండి. చేతిరాత అయితే పాఠభేదాలు పుడతాయి, ప్రక్షిప్తాలు, అంటే తర్వాతివాళ్లు మధ్యలో ఇరికించిన వాక్యాలు, చేరతాయి. తాళపత్రాల కట్ట అయితే ముందు పాడయ్యేది పైనా కిందా ఉన్న ఆకులే. అంటే గ్రంథం మొదలూ చివరా పోయి, మధ్య భాగం మిగులుతుంది. దారం తెగితే వరుస మారిపోతుంది. తోలు మీద రాసే లోకమైతే ఒక పెద్ద గ్రంథానికి వందల పశువుల తోళ్లు కావాలి. అప్పుడు ప్రతి రాయించడం రాజులకో మఠాలకో తప్ప సాధ్యం కాదు. పాత రాత గీకేసి అదే తోలు మీద కొత్తది రాయడం కూడా మామూలైపోతుంది. నోటిమాట అయితే తప్పులే తప్పులు అనుకోకండి. వేదపాఠంలో ఘన అనే పద్ధతి ఉంది: ఒకటి-రెండు, రెండు-ఒకటి, ఒకటి-రెండు-మూడు, మూడు-రెండు-ఒకటి, మళ్లీ ఒకటి-రెండు-మూడు. పదాలను ఇలా ముందుకీ వెనక్కీ అల్లి వల్లిస్తే ఒక్క స్వరం జారినా పక్కవాడు పట్టేస్తాడు. అలాంటి లోకంలో నా కొమ్ము తేడా చెల్లదు. అక్కడ గొడవ అక్షరంలోంచి కాకుండా అర్థంలోంచే పుట్టాలి.

ఇప్పుడు మీరు రాసిన వాక్యాల సంగతి. మీరు నమూనాగా ఇచ్చిన మొదటి పేజీలో ‘నిరాకార నిరంజన శూన్యగర్భ జ్యోతిర్మయ తత్త్వమే సర్వకారణము’ అని ఉంది. వినడానికి గంభీరంగానే ఉంది. కానీ ఒకటి అడుగుతాను, ఈ వాక్యాన్ని మీ లోకంలో ఎవరైనా ఎలా ఉల్లంఘిస్తారు? ఉల్లంఘించలేరు. అందులో చెయ్యడానికి ఏమీ లేదు, చెయ్యకుండా ఉండటానికీ ఏమీ లేదు. ఉల్లంఘించడానికి వీల్లేని వాక్యం ఎవరి బతుకునూ మార్చలేదు. పాతదనం రావాలని మనం సంస్కృత సమాసాలు పేరుస్తాం. అది చివరికి స్తోత్రాన్ని వెక్కిరించినట్టు తయారవుతుంది. నా అనుభవంలో పాతదనం తెచ్చేవి చిన్న మాటలే. ‘ఎందుకంటే’, ‘కాబట్టి’, ‘అయితే’ తీసేయండి. కారణాన్ని ఇలాంటి మాటలతో ముడిపెట్టని వాక్యం దానంతటదే పాతబడుతుంది.

అదే పేజీలో కింద ఒక వాక్యం ఉంది. మీరు దాన్ని పట్టించుకున్నట్టు లేదు:

‘నీడను తొక్కకు. అది నీకంటే ముందు పుట్టింది.’

ఇదీ గ్రంథమంటే. మిగతా ముప్ఫై తొమ్మిదిన్నర పేజీలు పక్కన పెట్టి దీన్ని పట్టుకోండి. ఇందులో ఒక ఆజ్ఞ ఉంది, దానికి ఒక కారణం ఉంది, కారణం ఆజ్ఞ కంటే విచిత్రంగా ఉంది. పైగా మన భాషలో ‘నీడ’కి ఒకటే అర్థం లేదు. మీ మూడు రాజ్యాలూ ఇందులోనే ఉన్నాయి.

మొదటి రాజ్యం మాటను మాటగానే తీసుకుంటుంది. అక్కడ ఎదుటివాడి నీడ తొక్కడం నేరం. పొద్దున్నా సాయంత్రం నీడలు సాగుతాయి కాబట్టి సంత మిట్టమధ్యాహ్నమే జరుగుతుంది. వీధులు అవసరం కంటే వెడల్పు. పసిపిల్లలకు నడకతో పాటు ఎండ ఎటు ఉందో చూడటం నేర్పుతారు. పేదవాడు పెద్దమనిషి వెనక నడవలేడు, పక్కనే నడవాలి. దీన్ని అక్కడివాళ్లు సమానత్వం అని గొప్పగా చెప్పుకుంటారు, నిజానికి జరిమానా భయం.

రెండో రాజ్యం ‘ముందు పుట్టింది’ అన్న చోట ఆగింది. నీడ అంటే మనకంటే ముందు పుట్టినవాళ్లు అని తేల్చుకుంది. అక్కడ పెద్దబిడ్డ మాట కాదనడానికి వీల్లేదు. ఆస్తి పెద్దబిడ్డదే, పెళ్లి ముందు పెద్దబిడ్డకే. కవలల్లో ఎవరు ముందు అన్న దానికి మంత్రసాని సాక్ష్యమే ఆఖరు. మంత్రసానికి లంచం ఇవ్వగల కుటుంబం ఎంత దూరం వెళ్తుందో మీరే ఊహించండి.

మూడో రాజ్యానికి నీడ అంటే ఆశ్రయం. నీడ ఇచ్చినవాడికి ద్రోహం చెయ్యకు అని చదువుకుంది. ఒకప్పుడు కరువులో ఆ జనం పొరుగు దేశంలో తలదాచుకున్నారనుకోండి. ఇప్పుడు ఆ పొరుగు దేశం వీళ్ల మీదికి దండెత్తి వస్తే సైన్యంలో సగం మంది కత్తి పట్టరు. సేనాపతికి వేరే వ్యాఖ్యానం కావాలి, దాన్ని రాసిచ్చే పండితుడు కావాలి, ఆ పండితుడు ఒప్పుకోవాలి. మీ నవలకి కథ ఇదే అయినా నాకు ఆశ్చర్యం లేదు.

ఇక్కడ వ్యాఖ్యానాల గురించి ఒక మాట. పలుకుబడి ఉన్న గ్రంథం ఎప్పుడూ ఒంటరిగా ఉండదు. వేదాంతానికి మూలమైన బ్రహ్మసూత్రాలు శంకరుల లెక్కలో 555. చాలావరకు ఒక్కొక్కటి కొన్ని మాటలే, చాలావాటికి క్రియ కూడా ఉండదు. భాష్యం లేకుండా చదివితే ఏమీ బోధపడదు. అందుకే శంకరులు, రామానుజులు, మధ్వులు ఒక్కొక్కరూ భాష్యం రాశారు, ఆ భాష్యాలకు వివరణగా టీకలు వచ్చాయి, టీకల మీద మళ్లీ టిప్పణాలు. ఎంత తక్కువ చెప్పిందో అంత ఎక్కువ మందికి అందులో చోటు దొరికింది. మీ నవలలో కూడా పాత్రలు మూలం కంటే వ్యాఖ్యానాన్నే ఎక్కువ ఉటంకించనివ్వండి. ఇద్దరు తగువు పడేటప్పుడు ‘గ్రంథంలో ఉంది’ అని ఒకడంటే, ‘అది గ్రంథం కాదు, మీ ఊరి టీక’ అని రెండోవాడనాలి. ఆ ఒక్క మాటతో పాఠకుడికి వెయ్యేళ్ల చరిత్ర కనిపిస్తుంది.

చాలామంది చేసే ఇంకో పొరపాటు, ఎవరికీ అర్థం కాకపోతే గొప్పదైపోతుందనుకోవడం. వోయ్‌నిచ్ రాతప్రతి ఉంది కదా, యేల్ విశ్వవిద్యాలయం దగ్గర. దాని తోలు 1404 నుంచి 1438 మధ్యదని కార్బన్ పరీక్షలో తేలింది. అందులోని లిపిని ఇప్పటిదాకా అందరూ ఒప్పుకునేలా ఎవరూ చదవలేకపోయారు. కుతూహలం ఎంతైనా ఉంది. కానీ దాని వల్ల ఒక్క ఊరూ తన పెళ్లి పద్ధతి మార్చుకోలేదు, ఒక్క రాజూ యుద్ధం ఆపలేదు. మిస్టరీ వేరు, ప్రభావం వేరు. మీకు కావలసింది రెండోది.

దాచిపెట్టడం మాత్రం పని చేస్తుంది, దాచేందుకు ఒక వ్యవస్థ ఉంటే. రోమ్‌లో సిబిల్ అనే జోస్యురాలి గ్రంథాల కథ తెలిసే ఉంటుంది. ఒక ముసలామె తర్క్విన్ రాజుకి తొమ్మిది పుస్తకాలు అమ్మజూపింది. ధర ఎక్కువని అతను నవ్వాడు. మూడు కాల్చేసి మిగిలిన ఆరింటికీ అదే ధర చెప్పింది. మళ్లీ మూడు కాల్చింది. చివరికి అతను మూడు పుస్తకాలను తొమ్మిదింటి ధరకే కొన్నాడు. ఇది కథ. తర్వాత జరిగింది చరిత్ర. వాటిని చూసే అధికారం కొద్దిమందికే ఉండేది, మొదట ఇద్దరు, తర్వాత పదిమంది, ఆ తర్వాత పదిహేను మంది. అది కూడా సెనేట్ ఆజ్ఞ ఇస్తేనే. తెగుళ్లు, ఓటములు, అపశకునాలు వచ్చినప్పుడు తెరిచి ఏ దేవుణ్ణి శాంతింపజెయ్యాలో చెప్పేవారు. క్రీ.పూ. 83లో గుడితో పాటు అవి కాలిపోయాయి. అప్పుడు రోమ్ ఏం చేసింది? మనుషుల్ని పంపి వేర్వేరు నగరాల నుంచి అలాంటి వాక్యాలు మళ్లీ పోగుచేయించింది. పుస్తకం కాలిపోయినా దాన్ని తెరిచే ఉద్యోగం కాలిపోలేదు. మీ శూన్యసంహితకి కూడా అలాంటి ఉద్యోగులు ఎవరో ఆలోచించండి. వాళ్లకి జీతం ఎవరిస్తారు? వాళ్లు తప్పు చెప్తే ఏమవుతుంది?

మీ లోకంలో మంత్రం నిజంగా పనిచేస్తుందా? మీరు ఈ సంగతి రాయలేదు, కానీ పైన చెప్పినదంతా దీని మీద తలకిందులవుతుంది. నేను ఎడిట్ చేసిన ఒక రాతప్రతిలో ఒక వాక్యం గట్టిగా చదివితే నిప్పు ఆరిపోతుంది. ఏడో చాప్టర్లో ఊరు తగలబడుతుంది. ఊళ్లో ఆ గ్రంథం చదివినవాళ్లు నలుగురున్నారు, ఒక్కడూ నోరు తెరవడు! రచయితకి ఆ ఆలోచనే రాలేదు. కూర్చుని మాట్లాడుకున్నాక ఒక దారి దొరికింది: ఆ వాక్యం చదివితే మంట ఒక్కటే ఆరదు, వినపడినంత మేర ప్రతి పొయ్యీ ప్రతి దీపమూ ఆరిపోతుంది, తెల్లవారే దాకా మళ్లీ అంటుకోదు. మంచు కురిసే రాత్రి అలా చేస్తే ముసలివాళ్లు చలికి పోతారు. ఇక చదవాలా వద్దా అన్నది ఊరంతా తేల్చుకోవాల్సిన విషయం అయింది. దాన్నుంచే ఇంకోటి పుట్టింది. ప్రతులు రాసేవాళ్లు ఆ వాక్యంలో ఆఖరి అక్షరం రాయరు, గురువు శిష్యుడి చెవిలో చెప్తాడు. ఒకసారి గురువు చెప్పకుండానే చచ్చిపోయాడు. నవలలో నాకు బాగా నచ్చిన భాగం అదే.

మంత్రం పనిచేసే లోకంలో తప్పు పాఠం ఎక్కువకాలం నిలవదు, ఎందుకంటే పని చెయ్యదు. కాబట్టి నా తలుపు-తలపు లాంటి గొడవ అక్కడ నాలుగు రోజుల్లో తేలిపోతుంది. మీ లోకం ఏదో చెప్తే ఇంకా సరిగ్గా చెప్పగలను.

ఇక అసలు ప్రతి దొరకడం. పెట్టుకోవచ్చు, కానీ అది దొరకగానే గొడవలన్నీ సద్దుమణుగుతాయని మాత్రం రాయకండి. 1460 ప్రాంతంలో ఫ్లారెన్స్‌కి ఒక గ్రీకు రాతప్రతి వచ్చింది. హెర్మెస్ ట్రిస్‌మెజిస్టస్ అనే అతిప్రాచీన ఈజిప్టు జ్ఞాని రచన అని అందరి నమ్మకం. ముసలితనంలో ఉన్న ఆ నగర పెద్ద కోసిమో డి మెడిచి, ప్లేటో అనువాదం చేస్తున్న పండితుడు మార్సిలియో ఫిచీనోని పిలిచి, అది ఆపి ముందు ఇది చెయ్యమన్నాడు. ప్లేటో కంటే ముందు! నూటయాభై ఏళ్లు యూరప్ పండితులు దాని మీద ఎన్నో సిద్ధాంతాలు కట్టుకున్నారు. 1614లో ఐజాక్ కసోబాన్ అనే గ్రీకు పండితుడు ఆ భాషను పరిశీలించి, ఇది అంత పాతది కాదు, క్రీస్తు తర్వాతి రచన అని చూపించాడు. నమ్మినవాళ్లు నమ్ముతూనే ఉన్నారు. తమాషా ఏమిటంటే అదే 1614లో జర్మనీలో ‘రోజీ క్రాస్’ రహస్య సోదరుల పేరుతో ఒక కరపత్రం అచ్చయింది. అలాంటి సంఘం ఉన్నట్టు ఎవరూ రుజువు చెయ్యలేకపోయారు, అయినా మమ్మల్ని చేర్చుకోండంటూ జనం బహిరంగ లేఖలు అచ్చువేయించారు.

నా నవలలో అసలు ప్రతి దొరికింది. అందులో స్పష్టంగా ‘తలుపు’ అనే ఉంది. కింది పట్నం వాళ్లు ఏం చేశారంటే, అది గురువుగారి చిత్తుప్రతి అన్నారు. సవరించిన ప్రతి తమ దగ్గరుందన్నారు. పై పట్నం వాళ్లకి గెలిచిన సంతోషం వారం రోజులు కూడా నిలవలేదు, ఎందుకంటే పక్క ఆకులో గొంగళ్ల గురించి ఒక వాక్యం ఉంది, అది వాళ్లకి నచ్చలేదు. ఆ వాక్యం ఏమిటో నేను నవలలో రాయలేదు. కొందరు పాఠకులు కోపంగా ఉత్తరాలు రాశారు. ఇప్పటికీ చెప్పలేదు.

మీరు మాత్రం ఇప్పుడే క్లైమాక్స్ దాకా వెళ్లకండి. ముందు మూడో రాజ్యపు సరిహద్దు కాపలావాడి సీన్ రాయండి. ఎండ మండిపోతుంటే శత్రుదేశపు పిల్ల ఒకతె వచ్చి వాడి నీడలో నిలబడింది, వాడు పక్కకి జరగాలా వద్దా. గ్రంథం పేరు ఒక్కసారి కూడా ఎత్తకుండా రెండు పేజీల్లో రాసి, ఇంతకుముందు మధ్యలో ఆపేసినవాళ్లకే ఇచ్చి చూడండి. ఆ నలభై పేజీలు పారేయొద్దు, వేరే ఫైల్లో పెట్టుకోండి. ఎవడైనా పాత్ర తగువులో ఏదో ఉటంకించాల్సి వచ్చినప్పుడు అందులోంచి ఒక్కో వాక్యం తీసుకోవచ్చు, క్రియ ఉన్నవి మాత్రమే.